కొండబల్లి పోయిందా అండీ

ఒట్టు వేయమంటే ఎవరి మీద వేయాలి? ఇదివరకు ఏ మాటకైనా మా సుగుణ తల మీద చెయ్యి పెట్టేవాణ్ణి. ఇప్పుడు మా ఆవిడ లేదు. అందుకని నా మీదే వేసుకుంటున్నాను. ఆ రాత్రి నేను తాగలేదు. నిద్రలోనూ లేను. నవ్వాలనిపిస్తే నవ్వండి... మధ్యలో మాత్రం ఆపకండి.

మా ఇల్లు కొండపల్లిలో, కొండ అంచున. వంటింటి వెనక గోడకూ కొండరాయికీ మధ్య మనిషి పట్టేంత సందు. ఆ రాతి పగుళ్లలో కొండబల్లులు ఉంటాయి. మామూలుగా ఇళ్లల్లో తిరిగే తెల్లబల్లులు కావు. జానెడు పొడుగు, రాతి రంగు ఒళ్లు, దాని మీద నల్ల మచ్చలు. పగలంతా పగుల్లో అతుక్కుని పడుకుంటాయి, పక్కన నిలబడినా కనిపించవు. వానాకాలం రాత్రిళ్లు లైటు చుట్టూ పురుగులు మూగితే రాయి వదిలి గోడెక్కుతాయి. వెంటిలేటర్లోంచి వంటింట్లోకి దిగుతాయి.

సుగుణకు అవంటే చచ్చేంత భయం. కనబడిందంటే వంటింట్లో స్టూలు హాల్లోకి లాక్కొచ్చి, కాళ్లు పైకి పెట్టుకుని కూర్చునేది. "ఏవండీ... వచ్చిందండీ," అని పిలిచేది. గట్టిగా అరవదు. అరిస్తే అది వింటుందట. నేను చీపురుతో గోడ మీద తట్టుకుంటూ వెంటిలేటర్ దాకా తోలేవాణ్ణి. అప్పుడు హాల్లోంచి అడిగేది, "పోయిందా అండీ?"

"పోయింది, రా," అనేవాణ్ణి. అప్పటిదాకా కాలు కింద పెట్టేది కాదు.

నాది థర్మల్ స్టేషన్లో షిఫ్టు డ్యూటీ. ఒకసారి నైట్ డ్యూటీ దిగి వస్తే ఇంకా స్టూలు మీదే ఉంది. రాత్రి అన్నం కూడా తినలేదు. "అది వంటింట్లోనే ఉందండీ, ఎట్లా వెళ్లను?" అంది. ఎంత నవ్వానో. దాన్ని తోలి, రాత్రి అన్నంలోనే మజ్జిగ పోసి తెచ్చిచ్చాను.

పోయినేడు జ్వరమని ఆస్పత్రికి తీసుకెళ్లాను. ఇంటికి నేనొక్కణ్ణే వచ్చాను.

తర్వాత మా అక్క చల్లపల్లి నుంచి వచ్చింది. బల్లులు రావని వంటింటి మూలల్లో కోడిగుడ్డు డొల్లలు పెట్టింది. "ఇది ఇల్లా, బల్లుల కొంపా? ఆ వెంటిలేటర్‌కి జాలీ కొట్టించరా," అంది. అలాగేలే అన్నాను. అక్క బస్సెక్కగానే డొల్లలు తీసి పారేశాను. రాత్రంతా వంటింటి లైటు వేసే ఉంచేవాణ్ణి. లైటుంటే పురుగు వస్తుంది. పురుగుంటే బల్లి వస్తుంది. బల్లి వస్తే... నన్నెవరో పిలవాలి కదా. పిచ్చే అనుకోండి. ఆ పిలుపు ఇంకొక్కసారి వినాలని ఉండేది.

ఆ రాత్రి వాన అప్పుడే వెలిసింది. పడకగదిలో మెలకువగానే పడుకుని ఉన్నాను. వంటింట్లో... టక్. టక్ టక్. బల్లి. అలవాటైన చప్పుడే, పట్టించుకోలేదు.

కాసేపటికి స్టూలు కదిలింది.

గచ్చు మీద... బర్ర్‌మని... మెల్లగా. ఆగింది. మళ్లీ కొంచెం. ఊపిరి బిగబట్టాను. బయట సన్‌షేడ్ మీంచి ఒక్కో చుక్కా పడుతోంది. ఆ చుక్కల మధ్యలో...

"ఏవండీ... వచ్చిందండీ."

అదే గొంతు. బల్లి వింటుందేమోనని అణిచిపెట్టుకున్న గొంతు.

భయం వేసింది, కాదనను. కాళ్లు మాత్రం వాటంతట అవే లేచాయి. హాలంతా చీకటి. దాటుకుని పోయానే గానీ పక్కకు చూడలేదు. ఏదో కనిపిస్తుందని కాదు... ఏమీ కనిపించదేమోనని. తలుపు వెనక చీపురు తీసుకున్నాను. వంటింటి గోడ మీద కొండబల్లి ఉంది. నిజంగానే ఉంది. లైటు వెలుగుకి దాని కంట్లో సన్నటి నిలువు గీత. తట్టాను... కదిలింది. మళ్లీ తట్టాను. వెంటిలేటర్ దాకా వెళ్లి కాసేపు ఆగింది. తర్వాత తోక కూడా అవతలికి జారిపోయింది.

నా వెనక, హాల్లోంచి...

"పోయిందా అండీ?"

ఇన్నేళ్ల అలవాటు. "పోయింది, రా," అనేశాను.

కాలు కింద పెట్టిన చప్పుడు వినిపించింది. మెత్తగా... ఒక్కటే. రెండో అడుగు కోసం ఆగాను. రాలేదు. తిరిగి చూస్తే ఎవరూ లేరు. స్టూలు మాత్రం హాల్లో ఉంది.

సాయంత్రం బల్బు మార్చడానికి నేనే తెచ్చానేమో. బల్బు మార్చింది ఆ రోజేనా, ముందు రోజా... ఎంత ఆలోచించినా గుర్తు రాదు. కల అనుకుందామంటే చేతిలో చీపురు ఉంది. అదేమిటో నాకు ఇప్పటికీ తెలియదు.

ఒక్కటే బాధ. "పోలేదు, ఇంకా ఇక్కడే ఉంది, నువ్వు కూర్చో," అని ఉండాల్సింది. తెల్లారేదాకా తోలుతూనే ఉండేవాణ్ణి.

ఇప్పటికీ వంటింటి లైటు ఆర్పను. స్టూలు హాల్లోనే ఉంచాను. కొండబల్లులు వస్తున్నాయి, వాటంతట అవే పోతున్నాయి. ఈసారి పిలిస్తే తోలకూడదని, చీపురు మాత్రం ఇంట్లో పెట్టుకోలేదు.