ఊరు, వూరు

కోమలది కట్టంగూర్. తల్లి పత్తి ఏరే కూలికి పోయి ఆమెను డిగ్రీ చదివించింది. ఇప్పుడు నల్లగొండలో, తాగునీటి పరీక్షలు చేసే చిన్న సంస్థలో ఉద్యోగం.

ఊళ్ళు తిరిగేవాళ్ళు బోరునీళ్ళు పరీక్షించి ఫలితాన్ని ఫోన్లోని ఫారంలో నింపి పంపుతారు. అవి జేసన్ ఫైళ్ళుగా వస్తాయి. వాటిలో ప్రతి విలువకూ ముందు దాని పేరుంటుంది: ఊరు, బోరు, ఫ్లోరైడ్. కోమల వాటిని డేటాబేసులోకి ఎక్కిస్తుంది. అది ఒక్కో పేరుకు ఒక్కో నిలువు వరుస కడుతుంది. ఊళ్ళన్నీ ఒకచోట, ఫ్లోరైడ్ అంకెలన్నీ ఒకచోట. అందుకే లక్ష పరీక్షల్లోంచైనా అడిగింది రెప్పపాటులో చెబుతుంది.

ఆ మంగళవారం ఆమె అడిగింది చిన్న ప్రశ్నే. ఫ్లోరైడ్ లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటిన ఊళ్ళేవి? మూడింటికల్లా ఆ జాబితా పంపాలి. అందులో ఉన్న ఊళ్ళకే ఈ ఎండాకాలం నీటిశుద్ధి యంత్రాలు వస్తాయి.

ఫ్లోరైడ్ బాధకు పేరుపడ్డ మర్రిగూడ వైపు ఊరు ఒక్కటీ రాలేదు.

ఆ వైపు మూడు నెలలు తిరిగిన యోహాను వెనకే నిలబడి చూస్తున్నాడు.

"నేను ఇంట్ల పండుకున్న అనుకుంటరు చెల్లె."

"జర ఆగన్నా."

మళ్ళీ ఎక్కించింది. మళ్ళీ అదే. జాబితా అడుగున మాత్రం ఒక వరుసలో ఊరి పేరు ఖాళీగా ఉంది. దాని పక్కన మూడువందల పన్నెండు పరీక్షలు.

"నీయి ఏడికీ పోలే. పేరు లేకుండ ఉన్నయి."

"పేరు రాయకుండ ఎట్లుంట? ఒక్కొక్కటి కండ్లు పొడుచుకొని కొట్టిన."

విలువలు వదిలేసి, నిలువు వరుసల పేర్లు మాత్రం చూపమంది. అక్షరక్రమంలో వచ్చాయి. పైన ఊరు. ఎక్కడో కింద, వ దగ్గర, వూరు.

కోమలకు నవ్వొచ్చింది. "ఫారం మార్చినవా అన్నా?"

"మార్చలే. మొదట్లనే ఫోను కరాబైంది గదా, కొత్తదాంట్ల ఫారం దిగలే. అండ్ల పేర్లన్ని ఉన్నదున్నట్టు మళ్ళ నేనే కొట్టిన."

"ఊరుకు వ పెట్టి కొట్టినవ్."

"మా సారు గట్లనే నేర్పిండు. వూరుకు వ ఉండదా?"

"నీకు ఉంటది. దీనికి అవి రెండు వేరే."

"మనిషైతే సమజ్ చేసుకుంటుండె."

"మనిషైతే లక్ష చదవకపోతుండె."

ప్రశ్నలో ఒక్క మాట చేర్చింది: ఊరు ఖాళీగా ఉంటే వూరు తీసుకో. జాబితా సాగింది. ఇరవైతొమ్మిది ఊళ్ళు కొత్తగా చేరాయి. అప్పుడు టైము రెండూ నలభై.

యోహాను తెర మీద వేలు పెట్టి ఒక్కో పేరూ చదివాడు. ఒకచోట వేలు ఆగింది.

"ఈ ఊర్ల ఒక అవ్వ, నడుము వొంగిపోయింది, బోరు కాడ అడిగింది. 'మా నీళ్ళు రాసుకున్నవా బిడ్డా?' అని. రాసుకున్న అవ్వా అన్న."

"రాసుకున్నవ్ గదా."

"ఇప్పటిదాంక అబద్ధమాడిన్నేమో అనుకున్న."

కోమల జాబితా పంపింది. యోహాను కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.