రేపల్లె రైల్లో నేను దిద్దిన లెక్క

నన్ను పెద్దమనిషిగా ఊహించుకుంటున్న పాఠకులు దయచేసి ఇక్కడే ఆగిపోండి. అడక్కుండా సాయం చేసి, ఒక పిల్ల చదువును రేపల్లెకీ తెనాలికీ మధ్య ముంచబోయిన ఘనుణ్ణి నేను.

అప్పుడు నాకు ఇరవై మూడేళ్లు. బాపట్లలో డిగ్రీ పూర్తిచేసి, తెనాలిలో ఓ ప్రైవేటు స్కూల్లో లెక్కల మాస్టారు ఉద్యోగానికి డెమో క్లాసు చెప్పబోతున్నాను. ఇస్త్రీ చొక్కా, జేబులో రెండు పెన్నులు. రైల్లో నా ఎదురుగా ఓ తల్లీ, కూతురూ. ఎనిమిదో తరగతి పిల్ల, పేరు సుహాసిని, ఒళ్లో పుస్తకం పెట్టుకుని లెక్కలు చేస్తోంది.

"తెనాల్లో పరీక్ష రాసిద్దండి, హాస్టలు స్కూల్లో సీటు కోసం," అంది తల్లి. "నేను రొయ్యల షెడ్డులో కూలికి పోతా. ఆ సీటొస్తేనే దీని చదువు సాగిద్ది."

"నేను లెక్కల మాస్టార్నండి. ఇవాళే ఇంటర్వ్యూ," అంటూ పుస్తకం లాక్కున్నాను. (−2)³ × (−2)⁴ అన్న లెక్కకి పిల్ల −128 అని రాసింది.

"ఇదేంటమ్మా? ఇటో మైనస్, అటో మైనస్. గుణిస్తే?"

"ప్లస్ సార్. కానీ..."

"కానీ గీనీ లేదు. ప్లస్ 128!"

"మాస్టారు చెబుతుంటే ఎదురు మాట్లాడతావేంటే? చెరిపెయ్," అని తల్లి కసిరింది. పిల్ల నా మొహంకేసి ఒక్క క్షణం చూసి, రబ్బరు తీసి చెరిపేసింది.

డెమో క్లాసులో అదే లెక్క బోర్డు మీద వేశాను. రైల్లో రిహార్సల్ అయిపోయిందిగా మరి! జవాబు రాసేసరికి క్లాసంతా "మైనస్ సార్!" అని అరిచింది.

"ఎన్ని మైనస్‌లున్నాయో సరిగ్గా లెక్కపెట్టండి," అన్నాను గంభీరంగా.

"ఇటు మూడు, అటు నాలుగు. ఏడు సార్!"

ఏడు! బేసి సంఖ్య. నేను లెక్కపెట్టింది బ్రాకెట్లని. వెనక బెంచీలోంచి హెడ్మాస్టారు "మంచిదండి, కబురు చేస్తాం," అన్నారు. ఆ కబురు ఇంకా దారిలోనే ఉంది. ఆ క్షణంలో మాత్రం నాకు ఉద్యోగం గుర్తే లేదు. రబ్బరు పట్టుకున్న ఆ పిల్ల చెయ్యే కళ్లముందు ఆడింది.

పరీక్ష ఉందని ఆ తల్లి రైల్లో చెప్పిన స్కూలుకి పరుగెత్తాను. గేటు వేసేశారు. "అన్నా, లోపల ఒక పాపకి మైనస్ గుర్తు ఇచ్చి రావాలి," అని వాచ్‌మన్‌ని బతిమాలాను. అతను నన్ను పైనుంచి కిందదాకా చూసి, కుర్చీ కాస్త వెనక్కి జరుపుకున్నాడు.

గోడ నీడన కూర్చున్న తల్లి నన్ను చూసి లేచింది. "మా పిల్ల కోసం ఇంత దూరం వచ్చారా మాస్టారూ! పులిహోర తినండి." సిగ్గుతో చచ్చిపోతూ తిన్నాను. మళ్లీ పెడితే మళ్లీ తిన్నాను.

గంట కొట్టాక పిల్ల బయటికొచ్చింది. తల్లి మంచినీళ్ల కోసం వెళ్లగానే గొంతు తగ్గించి అడిగాను.

"అమ్మా, ఆ లెక్క..."

"అలాంటిదే వచ్చింది సార్. మైనసే పెట్టా."

"మరి రైల్లో ఎందుకు చెరిపేశావు?"

"మీకు ఇంటర్వ్యూ అన్నారుగా సార్. తప్పని చెబితే కంగారుపడతారని..."

ఆ రోజే నా నంబరు రాసుకున్న తల్లి, ఆ వేసవిలో ఫోన్ చేసింది. "సీటొచ్చిందండి! అంతా మీరు చెప్పబట్టే!" పిల్ల ఆవిడకి కూడా ఏమీ చెప్పలేదన్నమాట. 'కాదండీ' అనాల్సింది. అనలేదు.

అందుచేత, తిన్న ఆ పులిహోర సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను: ఇకమీదట రైల్లో ఎవరి ఒళ్లో లెక్కల పుస్తకం కనిపించినా కిటికీలోంచి పొలాలు చూస్తాను. నోరు మరీ దురదపెడితే, ముందు ఏడు వేళ్లు లెక్కపెట్టుకుని, అప్పుడు కూడా మూసుకునే కూర్చుంటాను.