గుల్ల లేని తెల్ల నత్త

కాపురానికి వచ్చేదాకా నేను సముద్రాన్ని దూరం నుంచే చూశాను. మా పుట్టిల్లు దీవి నడుమ మెట్ట మీద, వకోవా వైపు. అక్కడ ఏడాదిలో సగం రోజులు వానే. ఉతికిన బట్ట ఆరదు, కప్పుకున్న దుప్పటి వదలబుద్ధి కాదు. అత్తవారిల్లు దక్షిణపు ఒడ్డున, చెరకుతోట కూలీల ఇళ్ళ వరసలో చిట్టచివరిది. వాకిలి దాటితే సరుగుడు చెట్లు, వాటి వెనకే నీళ్ళు. అలలన్నీ దూరంగా పగడపు దిబ్బల మీదే విరిగిపోయేవి. దిబ్బలకీ ఒడ్డుకీ నడుమ సముద్రం చెరువులా నిమ్మళంగా ఉండేది. ఆటు వేళ అయితే మోకాలి లోతే.

మా ఆయన తోటలో ఎడ్లబండి తోలేవారు. మామగారు శనివారం సాయంత్రాలు రామభజన నడిపేవారు. అత్త ఆటు వేళ ఇనుప చువ్వ పట్టుకుని నీళ్ళలోకి దిగి ఉరిత్‌లు పట్టేది. ఉరిత్ అంటే ఎనిమిది కాళ్ళ మెత్తటి జలచరం. ఎండబెట్టి, మసాలా నూరి వండితే ఇంకో కూర అక్కర్లేదు.

నేను వెళ్ళేనాటికి అత్తకీ మామగారికీ మాటల్లేవు. కారణం కూడా ఆ ఉరిత్‌లే. ఒక శనివారం భజనకి జనం వచ్చే వేళకి వాకిట్లో తాడు మీద అవి వేలాడుతున్నాయట. మామగారు అందరి ముందూ "ఇది రాముడి పూజా, సేపల సంతా" అన్నారట. "వండినానా ఏటి, ఆరేసినాను. ఎండకి వారాలు తెలుస్తాయా" అని అత్త అందట. అంతే, ఆ రోజు నుంచి ఇద్దరూ మూతి బిగించారు.

నా పని ఇటు మాట అటు, అటు మాట ఇటు చేర్చడం. "మీ మామకి సెప్పు, గంజి సల్లారిపోతంది" అనేది అత్త వంటపాకలోంచి. మామగారు అరుగు మీద కూర్చుని ఆ మాట వింటూనే ఉండేవారు. అయినా నేను వెళ్ళి చెప్పేదాకా లేచేవారు కాదు. "మీ అత్తకి సెప్పు, వస్తన్నానని" అనేవారు. మళ్ళీ వెళ్ళి చెప్పేదాన్ని. "నీకు తపాలా ఉద్యోగం దొరికింది" అని మా ఆయన నవ్వేవారు.

చలికాలం మొదట్లో ఒకరోజు అత్త నన్నూ నీళ్ళలోకి తీసుకెళ్ళింది. చువ్వతో రాళ్ళ సందులు వెతకడం నాకు చేతకాలేదు. కాళ్ళ కింద చూసుకుంటూ నడిచాను. ఒకచోట సముద్రపు గడ్డి నిండా గోధుమరంగు పురుగుల్లాంటివి పాకుతున్నాయి. వేలెడంత కూడా లేవు. ఒంటి మీద సన్నని గీతలు, మధ్య మధ్య నీలపు చుక్కలు, తల మీద కుందేలు చెవుల్లాంటి కొమ్ములు. ఒకదాన్ని పట్టుకుంటే అరచేతిలో ఊదారంగు నీళ్ళు వదిలింది. నేను అదిరిపడి చెయ్యి విదిలించాను.

"ఏటీ కాదు, నత్తలే. గుల్ల నేదు గానీ నత్తలే" అంది అత్త.

వాటి మధ్య తెల్లటిది ఒకటి కనిపించింది. అన్నిటికన్నా పెద్దది. గంజి వార్చినప్పుడు పైన కట్టే పొరలా తేటగా ఉంది ఒళ్ళు. దాని మీద కుంకుమపువ్వు రంగు బొట్లు. వీపు మీద వెనకవైపు చిన్న పువ్వు విచ్చుకున్నట్టు ఈకలు. అవి అది ఊపిరి పీల్చుకునే మొప్పలని తరవాత తెలిసింది. ముట్టుకుంటే ముడుచుకుపోయాయి. కాసేపటికి మళ్ళీ విచ్చుకున్నాయి.

నాకు అది వదిలి రాబుద్ధి కాలేదు. గోధుమరంగువి ఓ గుప్పెడు, తెల్లది ఒకటి, కాస్త గడ్డి, సముద్రపు నీళ్ళు బేసిన్‌లో పోసి ఇంటికి తెచ్చాను. చూరు కింద నీడలో పెట్టాను. అత్త ఉరిత్‌లు తెచ్చింది, కోడలు ఆటబొమ్మలు తెచ్చింది అని పక్కింటివాళ్ళు నవ్వారు.

మర్నాడు పొద్దున చూస్తే గోధుమరంగువి తగ్గాయి. బేసిన్ చుట్టూ వెతికాను. పాకి బయటికి పోయిన జాడ లేదు. మా ఇంట్లో ఒక బాతు ఉండేది, కంటపడిందల్లా మింగే రకం. నేరం దాని మీద పడింది. దాన్ని గంప కింద మూశాం. ఆ మర్నాటికి ఇంకా తగ్గాయి. బాతు గంపలోంచి అరుస్తూనే ఉంది.

"మీ అత్తకి సెప్పు," అన్నారు మామగారు, "కూరలో ఏస్సిందేమో సూసుకోమని."

నేను చెప్పకముందే వంటపాకలోంచి జవాబు వచ్చింది. "మీ మామకి సెప్పు, నిన్న కూర బాగుందని రెండోసారి ఏయించుకున్నది ఎవులో గ్యాపకం తెచ్చుకోమని."

మామగారి ముఖం చూడాలి. తిన్నది ఏమిటా అని ఆ పూటంతా కడుపు తడుముకుంటూ తిరిగారు.

ఆ మధ్యాహ్నమే దొంగ దొరికింది. నేను బేసిన్ పక్కన కూర్చుని బియ్యం ఏరుతున్నాను. ఒక గోధుమరంగు నత్త గడ్డి మీద నుంచి దిగి, బేసిన్ అడుగున వంకర టింకరగా పాకుతూ పోయింది. కాసేపటికి తెల్లది కదిలింది. ముందటిది ఎక్కడ వంక తిరిగిందో ఇదీ అక్కడే తిరిగింది. అది ఆగినచోట ఆగింది. నత్త పాకినచోట జిగురు మిగులుతుంది కదా, ఆ జిగురు బాటనే మూతితో తడుముకుంటూ పోతోంది. వెనక నుంచి చేరుకుని మూతి ఆనించింది. మరుక్షణం ఆ మూతి సంచిలా సాగింది. గోధుమరంగు నత్త ఊదారంగు వదిలింది గానీ లాభం లేకపోయింది. కాస్త కాస్తగా మొత్తం లోపలికి పోయింది. తెల్లదాని ఒళ్ళు తేట కదా, కడుపులో నల్లగా మింగినది కనబడుతోంది.

"అత్తా, ఇలా రా" అని పిలిచాను. నా గొంతు విని మామగారు అరుగు దిగి వచ్చారు. అత్త మసాలా చేతులతోనే వచ్చింది. ఇద్దరూ చెరోవైపు నుంచి బేసిన్ మీదికి వంగారు. అప్పటికి తెల్లది ఇంకో బాట పట్టింది. తినబోయే నత్త అంగుళం దూరంలోనే ఉన్నా, తిన్నగా పోకుండా బాట వెంబడే చుట్టూ తిరిగి పోతోంది.

"పక్కనే ఉంటే సూడదేటే?" అన్నారు మామగారు.

"సూపు ఆనదేమో. జిగురు వాసన పట్టి ఎల్తంది" అంది అత్త.

"పళ్ళు నేవా? నమలదా?"

"మింగుడే. నీలాగ."

అప్పుడు ఇద్దరూ తలెత్తారు. ఎవరితో మాట్లాడుతున్నారో అప్పటికి గాని తెలియలేదు వాళ్ళకి. నేను బియ్యంలో లేని రాళ్ళు ఏరుతూ తల వంచుకున్నాను. అత్తే ముందు తేరుకుంది. "సరే, పక్కకి జరుగు. నీడ పడతంది, కనబడనేదు" అంది. మామగారు జరిగారు.

ఆ తరవాత వాళ్ళకి దాని గురించి తప్ప మాటే లేదు. మిగిలిన చిన్నవాటిని వేరే గిన్నెలో పెట్టి కాపాడాలని మామగారు. అది ఆకలితో చావాలా అని అత్త. గడ్డి పెట్టి చూశారు, ముట్టలేదు. ఎండిన ఉరిత్ తునక వేశారు, దాని మీద నుంచే పాకిపోయింది. దాని తిండి ఆ గోధుమరంగు నత్తలే, ఇంకేదీ కాదు. చివరికి మామగారే ఒక గోధుమరంగుదాన్ని తెచ్చి, ముఖం అటు తిప్పుకుని బేసిన్‌లో జారవిడిచారు.

జత ఉంటే బాగుంటుందని అత్త ఇంకో తెల్లదాన్ని పట్టుకొచ్చింది. రెండూ ఒకదాని పక్కన ఒకటి చాలాసేపు అంటిపెట్టుకుని ఉన్నాయి. తరవాత గడ్డి మీద పసుపురంగు గుడ్లు పెట్టాయి, సేమ్యా చుట్ట చుట్టినట్టు. ఒకటి పెట్టిందనుకుంటే రెండోదీ పెట్టింది. శనివారం భజనకి వచ్చిన ఆడవాళ్ళంతా బేసిన్ చుట్టూ చేరారు.

"ఇందులో మొగుడెవరు?" అని అడిగింది ఒకావిడ.

"ఇద్దరూ మొగుళ్ళే, ఇద్దరూ పెళ్ళాలే" అంది అత్త. "మా ఇంటిలాగ పేచీ నేదు."

ఆడవాళ్ళు కొంగులు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వారు. మామగారు లోపల తాళాలు గట్టిగా మోగించారు. ఆ రోజు భజన ఆలస్యంగా మొదలైంది, అయినా ఆయన ఎవర్నీ ఏమీ అనలేదు.

ఎన్నిసార్లు నీళ్ళు మార్చినా బేసిన్ వేడెక్కేది. తెల్లవాటి మొప్పలు సరిగా విచ్చుకోవడం మానేశాయి. తిరిగి సముద్రంలో వదిలేద్దామని అత్త అంటే, నేనూ వస్తానన్నారు మామగారు. అన్నేళ్ళు ఒడ్డున బతికి ఆయన ఏనాడూ ఆ దిబ్బల వైపు నడవలేదట. పంచె ఎగ్గట్టి, బేసిన్ రెండు చేతులా పట్టుకుని, దేవుడి పల్లకీ మోస్తున్నట్టు నడిచారు. నాచు మీద కాలు పెట్టొద్దని అత్త చెబుతూనే ఉంది. పెట్టారు. నీళ్ళలో చతికిలబడ్డారు. బేసిన్ మాత్రం ఒలకలేదు, తల మీదికి ఎత్తిపట్టుకున్నారు. ఆయన కూర్చున్నది గోధుమరంగు నత్తల మధ్య. లేచేసరికి పంచె వెనక భాగమంతా ఊదారంగు.

అత్త నవ్వు ఆపుకోలేక చువ్వ మీద వాలిపోయింది. మామగారు కాసేపు కోపంగా నిలబడి, పంచె తిప్పి చూసుకుని తనూ నవ్వేశారు. తెల్లవాటిని గుడ్లున్న గడ్డితో సహా రాళ్ళ పక్కన నీడలో వదిలాం. రెండూ మొప్పలు విప్పి, చెరో దారి పట్టాయి.

తరవాత చాలా ఏళ్ళు చలికాలం రాగానే మేము చూడ్డానికి వెళ్ళేవాళ్ళం. కొన్నేళ్ళలో మొదట వెళ్ళినప్పుడు ఆ గడ్డి నిండా గోధుమరంగువే. కొన్ని వారాల తరవాత వెళితే తెల్లవి గుంపులుగా, ఎక్కడ చూసినా పసుపు చుట్టలు. ఇంకొన్ని వారాలకి గోధుమరంగువి కనబడేవి కావు, తిండి లేక తెల్లవీ మాయమయ్యేవి. ఉత్త గడ్డి ఊగుతూ ఉండేది. ఒక ఏడాది ఏవీ రాలేదు. ఆ మరుసటి ఏడాది నా పెద్దకూతురు నా చెయ్యి వదిలి ముందుకు పరుగెత్తి, గడ్డి మీదికి వంగి, "ఉన్నాయి" అని పిలిచింది.