నిప్పు లేని పొరటు

అచ్యుతాపురంలో మేము పనిచేసే ఫ్యాక్టరీ క్యాంటీన్‌లో ఓ మూల మైక్రోవేవ్ ఒకటి ఉంది. మొన్నొక రోజు కొత్తగా చేరిన అమ్మాయి టిఫిన్ వేళకి దాని ముందు నిలబడి, కాఫీ కప్పులో రెండు గుడ్లు కొట్టి, చెంచాతో గిలక్కొట్టి, లోపల పెట్టి బొత్తం నొక్కింది. నిమిషం తిరక్కుండా ఆ వాసన వచ్చేసింది. నూనె వాసన, ఉల్లిపాయ వాసన, ఆఖరికి మాడు వాసనైనా కలవని, ఒట్టి ఉడికిన గుడ్డు వాసన. "తింటారా మేడమ్?" అని ఆ పిల్ల చెంచా చాపింది. వద్దన్నాను. ఆ వాసన తగిలితే నాకు ఆకలి వెయ్యదు. ఎవరో ఎవరినో తలుపు సందులోంచి కనిపెట్టి చూస్తున్నట్టు అనిపిస్తుంది. అలా చూసినదాన్ని నేనే.

తొంభైల చివర, నేను ఆరో తరగతి చదివే రోజుల్లో, ఫిషింగ్ హార్బర్‌కి ఆనుకున్న మా వీధిలో ఇళ్ళన్నీ ఒకదాని భుజం మీద ఒకటి చెయ్యేసుకున్నట్టు ఉండేవి. గోడల మీద వలలు, అరుగుల మీద ఎండే నెత్తళ్ళు, గంపల కింద కోళ్ళు, గాలి ఎటు వీస్తే అటు ఉప్పుచేపల వాసన. నాన్న ఐసు ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. అమ్మా, నాన్నమ్మా కోడి కూయకముందే గంపలు పట్టుకుని హార్బర్‌కి వెళ్ళి, వేలంపాట పాడిన దగ్గర చేపలు కొని, ఐసు జల్లి, అక్కడే అమ్ముకుని పదింటికి ఇంటికొచ్చేవాళ్ళు. వానాకాలం కానాగంతలు, చలికాలం వంజరాలు, అమ్మవారి పండగకి రొయ్యలేసిన వంకాయకూర, అమ్ముడుపోని రోజున ఏది మిగిలితే దాని పులుసు. మా నాలికకి కాలం తెలిసేది చేపల్ని బట్టే.

నాన్నమ్మ పేరు నూకాలమ్మ. ఆ కాలపు మా ఆడవాళ్ళలో చాలామందిలాగే అడ్డపొగ తాగేది. అంటే చుట్ట నిప్పున్న కొసని నోట్లో పెట్టుకుని, పెదాలు మూసి పీల్చడం. నోట్లో నిప్పు పెట్టుకునే ఆవిడ, నిప్పు లేకుండా వంట చేసే పొయ్యి ఇంట్లోకి వచ్చిన రోజున గుమ్మం దిగి వీధిలోకి వెళ్ళిపోయింది.

తెచ్చింది మా బాబాయి. ఓడలో వంటవాడుగా ఉండేవాడు. తొమ్మిది నెలలు నీళ్ళ మీద, మూడు నెలలు నేల మీద. ఆ ఏడు దిగినప్పుడు తెల్ల పెట్టెలాంటి మైక్రోవేవ్, దాంతోపాటు మూతున్న పింగాణీ గిన్నె తెచ్చి, మా అందరి ముందూ గుడ్లు కొట్టి అర నిమిషం పెట్టి, తీసి కలిపి, మళ్ళీ అర నిమిషం పెట్టాడు. పెట్టె గుర్రుమంది. ట్యూబులైటు వెలుగు తగ్గిపోయింది. తలుపు తీస్తే పసుప్పచ్చగా, మెత్తగా, దూదిలా పొరటు. నాన్న రెండుసార్లు పెట్టించుకున్నాడు. నాన్నమ్మ వీధిలోంచే అడిగింది.

"ఇనప గరిటి ఎట్టొచ్చునేటి అందల?"

"ఎట్టకూడదమ్మా. నిప్పురవ్వలొచ్చెత్తాయి."

"మరి సెప్పవేటి! ఇనుముకి బెదిరేది దెయ్యమేరా."

ఆ మాట మీద ఆవిడ ఎప్పటికీ నిలబడింది. పెట్టె ఉన్న గోడ పక్కన పడుకునేది కాదు. అందులో వేడి చేసిన చారైనా ముట్టేది కాదు. నన్ను దాని ముందు చూస్తే జబ్బ పట్టి ఇవతలికి లాగేది.

పెట్టె మీద ఎంత అనుమానమో, దాన్ని భయం లేకుండా వాడే మా సరోజ పిన్ని మీద అంతకు రెట్టింపు. సరోజ పిన్ని వాళ్ళ నాన్న పోర్టులో ఉద్యోగానికని గోదావరి జిల్లా నుంచి వచ్చిన మనిషి. బాబాయి ఆవిణ్ణి ఇష్టపడి చేసుకున్నాడు. మా వాళ్ళమ్మాయి కాదు, మా మాట కాదు. ప్రతి వాక్యం చివరా "అండీ" అంటుంది. మద్దిలపాలెంలో ఒక చిన్న క్లినిక్‌లో నర్సుగా పనిచేస్తుంది, సొంతంగా బస్సెక్కుతుంది. మొగుడు సముద్రం మీద ఉండగా ఇంత కులాసాగా తల దువ్వుకునే కోడలు నాన్నమ్మకి మింగుడు పడలేదు.

అది దసరా సెలవుల కాలం. బాబాయి మళ్ళీ ఓడెక్కి రెండు నెలలైంది. గంప కింద కోళ్ళు పెట్టే గుడ్లలో రోజూ ఒకటో రెండో తగ్గుతున్నాయని నాన్నమ్మ పసిగట్టింది. అడిగితే, "నేనే తిన్నానండీ అత్తయ్యగారూ, పొద్దున్నే ఆకలేస్తోందండీ" అంది పిన్ని. నాన్నమ్మ ఊరుకుంది. కానీ శనివారం నాడు దొడ్డి మూల బూడిదలో గుడ్డు పెంకులు దొరికాయి. శనివారం పిన్ని గుడ్డు ముట్టదు, ఒంటిపూట. నాన్నమ్మ ఆ పెంకులు అరచేతిలో పెట్టుకుని చాలాసేపు చూసింది.

పొయ్యి మీద చేస్తే పొగ వచ్చేది, పోపు వాసన పక్కింటిదాకా వెళ్ళేది, ఎవరో ఒకరు "ఏటొండుతన్నారు?" అని అడిగేవారు. ఆ పెట్టెలో అయితే నిమిషంలో అయిపోతుంది, మూడో కంటికి తెలియదు. దొంగవంటకి అంతకన్నా మంచి పొయ్యి లేదని నాన్నమ్మకి అర్థమైపోయింది.

మర్నాడు నన్ను దొడ్లోకి పిలిచింది. "ఒలే దేవీ, రేపు మీ పిన్ని బేగెల్తాది. దాని ఎనకాలెల్లి సూడు. ఆ గిన్ని ఎవులికి మోత్తందో సూసొచ్చి నాకు సెప్పు. మొగుడు నీల్ల మీదుంటే దీనికి మేపడానికి ఎవులున్నారో తేలాల."

ఆ మాటకి పూర్తి అర్థం నాకు తెలియదు. కానీ నాన్నమ్మ నన్ను నమ్మి ఒక పని చెప్పడం అదే మొదలు. నాకు రెక్కలొచ్చినట్టయింది.

సోమవారం పొద్దున్న ఏడింటికి నేను దుప్పటి కంతలోంచి చూస్తూ పడుకున్నాను. పిన్ని పింగాణీ గిన్నెలో రెండు గుడ్లు కొట్టి, చుక్క పాలు పోసి, గిలక్కొట్టి పెట్టెలో పెట్టింది. ఉప్పు డబ్బా ముట్టుకోలేదు, కారం ముట్టుకోలేదు. అయ్యాక చెంచా వెనకవైపుతో మెత్తగా నలిపి, మూత పెట్టి, తువ్వాలు చుట్టి సంచిలో పెట్టుకుంది. ఎవరికోసమో అంత శ్రద్ధగా నలపడం చూస్తే నాక్కూడా అనుమానం ముదిరిపోయింది.

పిన్ని బస్టాపు వైపు వెళ్ళలేదు. ఐసు ఫ్యాక్టరీ దాటి, ఒడ్డుకి లాగి పెట్టిన పడవల మధ్య నుంచి, వలలు బాగుచేసే షెడ్డు వెనక్కి తిరిగింది. అక్కడ రేకుల గది. తలుపు ఓరగా వేసి ఉంది. నేను సందులోంచి చూశాను.

నులకమంచం మీద ఒక ముసలావిడ గోడకి ఆనుకుని కూర్చుంది. ఒక బుగ్గ వాచి, నోరు పూర్తిగా తెరుచుకోవడం లేదు. పిన్ని చెంచా కొసతో కొంచెం కొంచెం అందిస్తోంది. ఆవిడ కళ్ళు మూసుకుని మింగుతోంది. ఆవిణ్ణి గుర్తుపట్టాను. పోలమ్మ. నాన్నమ్మకి సొంత అక్క. మా ఇంట్లో ఆ పేరు ఎత్తకూడదు. ఆవిడ ఎదురైతే నాన్నమ్మ మొహం తిప్పుకుని ఉమ్మేసేది.

కారణం వీధి అంతటికీ తెలుసు. బాబాయి పాలు తాగే వయసులో మా తాతా, పోలమ్మ మొగుడూ ఒకే పడవలో వేటకి వెళ్ళారు. గాలివానకి పడవ తిరగబడింది. చెక్క పట్టుకుని ఒడ్డు చేరింది పోలమ్మ మొగుడొక్కడే. "సెయ్యి జారిపోనాది" అని మాత్రం చెప్పాడట. అంతకు మించి చచ్చేదాకా ఒక్క మాట చెప్పలేదట. జారిపోయిందా, వదిలేశాడా అని నాన్నమ్మ ముప్పై ఏళ్ళుగా అడుగుతూనే ఉంది. అక్కని తప్ప అందరినీ అడిగింది.

నేను హార్బర్‌కి పరిగెత్తాను. పాట జరుగుతోంది, జనం, ఐసు నీళ్ళు, కాకులు. అంతమంది మధ్యలో రొప్పుతూ అరిచాను: "నాన్నమ్మా! పిన్ని గుడ్డు పట్టుకెళ్ళేది పోలమ్మకే!"

పక్కనున్న ఆడవాళ్ళు గప్‌చుప్ అయిపోయారు. నాన్నమ్మ నోట్లోంచి చుట్ట తీసి నీళ్ళల్లో పడేసింది. సగం అమ్మిన గంప అమ్మకి వదిలేసి, నడక మొదలెట్టింది. ఆవిడ అడుగుల వేగం చూశాక గానీ నేనేం చేశానో నాకు తెలియలేదు. పిన్నిని జుట్టు పట్టుకుని ఈడ్చుకొస్తుందని, బాబాయి ఇంక ఆవిణ్ణి ఏలుకోడని, అంతా నా వల్లేనని ఏడుస్తూ వెనక పరిగెత్తాను.

నాన్నమ్మ తలుపు తోసింది. పిన్ని చేతిలో చెంచా ఆగిపోయింది. పోలమ్మ మెల్లిగా కళ్ళు తెరిచి గుమ్మం వైపు చూసింది.

"వచ్చినావా నూకాలూ" అంది ముద్ద ముద్దగా. "రోజూ గుడ్డు పంపుతన్నావు గానీ నువ్వు రావేటే అనుకుంతన్నాను."

నాన్నమ్మ పిన్ని వైపు చూసింది. పిన్ని తల దించేసుకుంది.

"ఉప్పు నేకుండా పంపుతన్నావు. ఉప్పు తగిల్తే నా నోరు మంటెత్తిపోతందని నీకెవులు సెప్పినారే?"

షెడ్డులో ఎవరో రేకు మీద సుత్తితో కొడుతున్నారు. ఆ చప్పుడు ఆగేదాకా నాన్నమ్మ గుమ్మంలోనే నిలబడింది. ఒక్క మాట చాలు. "నాను పంపనేదు" అంటే చాలు. ముప్పై ఏళ్ళుగా ఆ మనిషికి పెట్టాలనుకున్న శిక్ష నోటి దాకా వచ్చి ఉంటుంది.

"ఎవులో సెప్పాలేటి?" అంది చివరికి. "నాకు తెల్దేటి అప్పా?"

మంచం పట్టె మీద కూర్చుని పిన్ని చేతిలోంచి చెంచా తీసుకుంది.

ఇంటికొచ్చాక పిన్నిని నిలదీసింది. "నా పేరెట్టి అబద్దమెందుకాడినావు?"

"మా క్లినిక్‌కి వచ్చారండీ, నోట్లో పుండుతో. అడ్డపొగ వల్లేనన్నారు డాక్టరు గారు. మెత్తటిదేదైనా తినకపోతే బతకరన్నారు. తీసుకెళ్తే మొదటి రోజు గిన్నె తోసేశారండీ. మీరు పంపారంటే నోరు తెరిచారు. నన్నేమైనా అనండి అత్తయ్యగారూ, ఆవిడకి మాత్రం చెప్పకండి."

నాన్నమ్మ "రేపు ఏ బొత్తం నొక్కాలో సూపించు" అని లేచిపోయింది.

మర్నాటి నుంచి హార్బర్‌కి అమ్మ ఒక్కతే వెళ్ళేది. నాన్నమ్మ మొలలో ఇనప మేకు దోపుకుని, మొహం పక్కకి తిప్పుకుని బొత్తం నొక్కి, పెట్టె గుర్రుమంటున్నంతసేపూ గుమ్మం అవతల నిలబడేది. గిన్నె తీశాక మొదటి చెంచా తనే తినేది. "దీనివల్ల ఏటైనా అయితే ముందు నాకవ్వాల" అనేది. పెట్టె మీద అనుమానం ఇసుమంతైనా తగ్గలేదు. పిన్ని రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మూడో రోజు గిన్నెలో నాకూ కాస్త పొరటు పెట్టి, "ఇంద తినవే, పోలీసమ్మా" అంది. నేను గిన్నె పక్కన పెట్టేశాను.

చలి ముదిరేసరికి పోలమ్మకి మాట కష్టమైపోయింది. ఒక ఆదివారం నేనూ వెళ్ళాను. తినిపించడం అయ్యాక నాన్నమ్మ ఆవిడ మూతి తుడుస్తూ, ఏదో ధర అడిగినట్టు అడిగింది. "అప్పా, ఆ రోజు సెయ్యి జారిపోనాదా, ఇడిసీసినాడా? నీకైనా సెప్పినాడా?"

పోలమ్మ గోడ వైపు తిరిగింది.

"నానూ అడిగినాన్లే" అంది. "పక్కలో పడుకుని ఏల్లకేల్లు అడిగినాను. సచ్చిందాకా సెప్పనేదు."

ఇద్దరూ ఒకే అనుమానాన్ని చెరో ఇంట్లో పెట్టుకుని అన్నేళ్ళు పెంచారన్నమాట. నాన్నమ్మ గిన్నె కింద పెట్టింది. అక్క పక్కనే ఒరిగి, ఆ ఇరుకు మంచం మీద ఆవిడ భుజానికి తల ఆనించి కూర్చుంది. నేను గిన్నె కడిగి తెచ్చేదాకా అలాగే ఉన్నారు. మరో పది రోజులకి పోలమ్మ పోయింది. తలకొరివికి కొడుకులు లేకపోతే మా నాన్నే పెట్టాడు. నాన్నమ్మ ఆ తర్వాత చుట్ట ముట్టలేదు.

ఆ మైక్రోవేవ్ ఒక వేసవిలో కరెంటు ఎక్కువొచ్చి కాలిపోయింది. నాన్నమ్మ పోయి చాలా ఏళ్ళైంది. రేకుల గది ఉన్నచోట ఇప్పుడు సిమెంటు చేసి బళ్ళు నిలుపుతున్నారు. నులకమంచాలు లేవు, గంపల కింద కోళ్ళు లేవు, వీధి మొత్తం వెతికినా అడ్డపొగ తాగే మనిషి కనిపించదు. పక్కింట్లో ఏం వండుతున్నారో అడిగేవాళ్ళూ లేరు.

కిందటి నెల సరోజ పిన్నీ నేనూ చేపలకని హార్బర్‌కి వెళ్ళాం. వంజరం బేరమాడుతుంటే ఆ అమ్మే అమ్మాయి నా మాట పట్టుకుని, "మీరు ఇక్కడోల్లేనేటి? ఎవుల తాలూకా?" అని అడిగింది. నూకాలమ్మ మనవరాలినని చెప్పాను. ఆ పిల్లకి తెలియలేదు. వెనకాల ఐసు పెట్టె మీద కూర్చున్న ఒక ముసలావిడ మాత్రం తలెత్తి, కళ్ళ మీద చెయ్యి అడ్డం పెట్టుకుని నన్ను ఎగాదిగా చూసింది.

"ఏ నూకాలు? పోలమ్మ సెల్లెలు నూకాలేనా?"

ఒకప్పుడు ఈ హార్బర్‌లో ఆ రెండు పేర్లూ కలిపి అనడానికి ఎవరికీ ధైర్యం ఉండేది కాదు. పిన్ని నా చెయ్యి పట్టుకుంది.

"ఆవిడేనమ్మా" అన్నాను.