సంతకం పెట్టేవాడు చల్లగా ఉండాలి

మహాసామ్రాజ్యాలు ఎప్పుడు పుట్టాయో చెప్పడానికి శాసనాలున్నాయి. ఆఫీసరు ఫోన్ చేస్తే ఇమాం హుస్సేన్ లేచి నిలబడడం ఎప్పుడు మొదలైందో చెప్పడానికి మాత్రం ఏ ఆధారమూ మిగల్లేదు. అన్నం ముందు కూర్చున్నా లేస్తాడు. ఒకసారి ట్రాక్టరు నడుపుతూ కూడా లేచాడు. ఆ ఘట్టానికి గుర్తుగా తనకల్లు రోడ్డు పక్కన పొలం కంచెకు పాతిన ఒక రాతికూసం ఈనాటికీ వాలి ఉంది.

హుస్సేన్‌ది నీళ్ల ట్యాంకరు. బోర్లన్నీ ఎండిన ఏడాది తాగునీటి శాఖ ఆఫీసరు మాట మీద చుట్టుపక్కల పల్లెలకు వేసవంతా నీళ్లు తోలాడు. బిల్లు రాలేదు. ట్రాక్టరు కంతులు ఆగాయి. ఈ నెలాఖరుకు కట్టకపోతే బండి తోలుకుపోతామని ఫైనాన్సువాళ్లు మర్యాదగా టీ తాగి మరీ చెప్పిపోయారు.

అంతకుముందే అతను హైకోర్టుకు పోయి ఉన్నాడు. బిల్లు కోసం ఇతను పెట్టుకున్న అర్జీని పరిశీలించి రెండు నెలల్లో నిర్ణయం చెప్పమని కోర్టు ఆఫీసరును ఆదేశించింది. గడువు దాటినా ఆఫీసరు ఉలకలేదు. దాంతో లాయరు విష్ణువర్ధన్ కోర్టు ధిక్కారం కేసు వేశాడు. ఆఫీసరు జైలుకు పోవడం ఖాయమని ఊరు తీర్పు ఇచ్చేసింది. హుస్సేన్‌కు నిద్ర కరువైంది అప్పటినుంచే. కారణం టమోటా రైతు బయ్యన్న.

"ఏమప్పా హుస్సేన్, ఆయప్పను లోపలేస్తే నీ బిల్లు మీద సంతకం ఎవురు పెడతారు?"

"ఇంకొకాయన వస్తాడు కదన్నా."

"వస్తాడు. వచ్చి ఫైలు మొదట్నుంచి సూస్తాడు. ఈయప్ప సూసేదానికే మూడేండ్లు పట్టె."

ఇంత గట్టి న్యాయసూత్రం విష్ణువర్ధన్ కూడా చెప్పలేదు. ఇంటికొచ్చేసరికి భార్య రహమత్‌బీ నమాజు ముగించి చేతులు చాపి ఉంది.

"ఆఫీసరు సారుకు ఏమీ కాకూడదని దువా చేస్తాండా."

"నా కోసరం ఎప్పుడన్నా చేసినావా?"

"నీ సంతకానికి యాడ విలువుండాది?"

విచారణ రోజున ఒక వింత జరిగింది. బస్సులో రాత్రంతా ప్రయాణం చేసి వచ్చిన ఫిర్యాదుదారు, కోర్టుహాల్లో వెనక నిలబడి, ముద్దాయి బయటపడాలని మనసులో ప్రార్థిస్తూ ఉన్నాడు. ప్రార్థన ఫలించింది. ఆఫీసరు ఆలస్యానికి క్షమాపణ చెప్పాడు. అర్జీని పరిశీలించామనీ, నిధులు లేనందున ఇప్పట్లో చెల్లించలేమని నిర్ణయించామనీ కాగితం ఇచ్చాడు. జడ్జి అది చదివి, పరిశీలించమన్నాం, పరిశీలించారు, ధిక్కారం కేసు బాకీ వసూలుకు కాదు, ఆ నిర్ణయం తప్పనుకుంటే దాని మీద వేరే కేసు వేసుకోవచ్చు అని ముగించారు.

"అంటే గెలిచినామా సార్?" అన్నాడు హుస్సేన్ బయటికొచ్చాక.

"మన ఆర్డరు అమలైంది," అన్నాడు విష్ణువర్ధన్. "దాంట్లో దుడ్లు ఇయ్యమని లేదు కదప్పా. ఇంకో కేసు వేద్దాం."

"దానికెన్నాళ్లు?"

లాయరు గౌను మడతపెట్టి సంచిలో పెట్టుకున్నాడు. అంతలో ఆఫీసరే ఎదురొచ్చి హుస్సేన్ భుజం మీద చెయ్యి వేశాడు.

"మనసులో ఏం పెట్టుకోవద్దు హుస్సేన్. మల్లా బోర్లు ఎండినాయి. రేపట్నుంచి ట్యాంకరు తోలు. పాతదీ కొత్తదీ కలిపి ఒకేసారి బిల్లు పంపిస్తా."

"తోలకపోతే సార్?"

"నీ ఇష్టం. తోలేవాళ్ల బిల్లులు ముందు సూడల్ల కదా."

ఇల్లు చేరి రహమత్‌బీకి అంతా చెప్పాడు. తోలితే ఇంకో బాకీ, తోలకపోతే పాత బాకీకి కూడా నీళ్లొదులుకోవాలి.

ఆమె బియ్యంలోంచి ఒక రాయి ఏరి పారేసింది. "తోలు," అంది. "ఆడుతాండే బండిని ఫైనాన్సోళ్లు ఇంకో నెల సూసి పట్టుకుంటారు. నిలిచిన బండిని రేపే తోలుకపోతారు."

మరునాడు పొద్దున్నే ట్యాంకరు బయలుదేరింది. డీజిలు అప్పు.