పొలాల అమావాస్యకు చెక్కిన కొమ్ములు

యుద్ధం రోజుల్లో తాలూకా దాటి ధాన్యం తీసుకుపోవాలంటే పర్మిటు కావాలి. మా అక్క పచ్చి బాలింతగా ఉందని, ముఖేడ్ దగ్గర ఆమె అత్తవారి ఊరికి మా నాయన రెండు బస్తాల జొన్నలు బండిలో వేసుకుని బయల్దేరాడు. పర్మిటు సంగతి ఆయనకు తెలుసు. కన్నబిడ్డకు తిండిగింజలు పంపడానికి కూడా సర్కారును అడగాలన్నదే ఆయన బుర్రకెక్కలేదు. దారిలో బండ్లు ఆపి చూసే సర్కారు నాకా దగ్గర జొన్నలు, బండి, ఎడ్లు అన్నీ పట్టుకున్నారు.

ఎడ్లను నాందేడు బందెలదొడ్డికి తోలారు. వాటిని సర్కారు జప్తు చేసుకోవాలా వద్దా అన్న కేసు మొదలైంది. తేలేదాకా అవి మావి కావు. వాటికి గుప్పెడు గడ్డి వేసే దిక్కు కూడా లేదు. మా ఊరు రెండు కోసుల దూరమే కాబట్టి రోజు విడిచి రోజు నాయనా నేనూ గడ్డిమోపులు మోసుకుపోయేవాళ్ళం. విత్తనాలు వేసే మృగశిర కార్తె దాటిపోతుంటే నాయనకు అన్నం సహించేది కాదు.

చివరికి వకీలు దరఖాస్తు పెడితే, కేసు నడిచినన్నాళ్ళూ ఎడ్లూ బండీ మా దగ్గరే ఉంచుకోవచ్చని మున్సిఫ్ హుకుం ఇచ్చాడు. అందుకు పూచీ పడుతూ ముచ్చలిక రాసివ్వాలి. అది ఉర్దూలో ఉంది. మా ఇంట్లో ఉర్దూ చదవగలిగినవాణ్ణి నేనొక్కణ్ణే. అప్పటికి ఇరవై దాటాయి, చదువుకున్నానన్న పొగరుకు తక్కువ లేదు. అమ్మకూడదు, ఎవరికీ ఇవ్వకూడదు, పిలిచిననాడు తెచ్చి నిలబెట్టాలి అని నాయనకు చెప్పాను. ఎడ్ల ఆనవాళ్ళు మార్చరాదని కింద ఇంకో మాట ఉంది. దొంగలకు రాసే మాట మనకెందుకులే అని దాన్ని మింగేశాను. నాయన వేలిముద్ర వేశాడు.

శ్రావణం వెళ్ళేసరికి ఎడ్లు మళ్ళీ కండపట్టాయి. ఎడ్లను సింగారించి ఊరేగించే పొలాల అమావాస్య వచ్చింది. మరో నాలుగు రోజులకే వాయిదా. ఆ ఏడు పండగ చిన్నగా చేసుకుందామని అమ్మ అంటే నాయన వినలేదు.

"అదాలతుల అందరి ముంగట నిలవడే ఎడ్లు. గిట్ల పాసిపట్టిన కొమ్ములతోని తోల్కపోతే, సాకుడు రాదంటరు."

కొమ్ములు గీసేవాణ్ణి పిలిపించాడు. తెల్లెద్దు కుడికొమ్ము కొన చీలి ఉండేది. చీలిక పోయేదాకా వాడు చెక్కుతుంటే ముకుతాడు పట్టుకున్నది నేనే. నూనె రాసి, ఎర్రరంగు పూశాం. పెళ్ళికొడుకుల్లా ఉన్నాయని నేనే మెచ్చుకున్నాను కూడా.

వాయిదా నాడు నాకా జమేదారు ఎడ్లను పట్టుకున్ననాటి పంచనామా తీసి చదివాడు. కుడికొమ్ము చీలిన తెల్లెద్దు అని ఉంది. ఎద్దు చుట్టూ ఒకసారి తిరిగి, ఇది ఆ ఎద్దు కాదు, అసలు జతను ఎక్కడో దాచి వేరేవి తెచ్చారన్నాడు. వకీలు పండగ సంగతి చెప్పాడు. ఏటేటా ఆ అమావాస్య నాడు ఊరేగే ఎడ్లను చూడనివాడు ఆ కచేరీలో ఎవడూ లేడు. అయినా, ఆనవాళ్ళు మార్చరాదని ముచ్చలికలో రాసిచ్చారు కదా అని అందరూ కాగితంలోకే చూశారు. నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. సాక్షులు వచ్చి ఆనవాలు పట్టేదాకా రెండింటినీ మళ్ళీ దొడ్డికి తోలమన్నారు.

నాయన నా వైపు తిరిగాడు.

"కాగితంల గట్ల రాసుండెనా?"

"ఉండె నాయనా."

"నువ్వు సదివినవా?"

"సదివిన."

ఆయన వెళ్ళి ఎడ్ల పలుపులు తానే విప్పి జమేదారు చేతికిచ్చాడు. తిట్టినా బాగుండేది.

సాక్షులు వచ్చిన రోజు మున్సిఫ్ సెలవు. మున్సిఫ్ వచ్చిన రోజు జమేదారు లేడు. రబీ జొన్న విత్తే అదను పోయింది. దొడ్డి బురదలో గాలికుంటు వచ్చి తెల్లెద్దు చచ్చిపోయింది. ఆ తర్వాత తీర్పు వచ్చింది. జొన్నలు అమ్మకానికి కాదు, కూతురి ఇంటికేనని తేలింది కాబట్టి జప్తు అవసరం లేదు, అన్నీ వాపసు ఇవ్వాలి. రసీదులో ఎడ్లు ఒక జత అని రాసి ఉంది. ఆ మాట ఈసారి స్పష్టంగా చదివి వినిపించాను. నాయన వేలిముద్ర వేసి, మిగిలిన ఎద్దును విప్పుకుని నా కంటే ముందు నడిచాడు.

ఆ తర్వాత ఆయన ఇంకో పదేళ్ళు బతికాడు. అక్క ఇంటి నుంచి ఉత్తరం వస్తే, నేను అరుగు మీదే కూర్చుని ఉన్నా, దాన్ని పట్టుకుని నా ముందు నుంచే పట్వారీ ఇంటికి చదివించుకోవడానికి పోయేవాడు.