అబద్ధమయ్యే ఒకే ఒక్క వరుస

చందాపుర దగ్గర ఒక పీయూ కాలేజీలో, అంటే ఇంటర్‌లో, కామర్స్ పిల్లలకు లెక్కలు చెప్తాను. ఆ రోజు పాఠం తర్కం. ‘ఇది జరిగితే అది జరుగుతుంది’ అనే వాక్యం ఎప్పుడు నిజం, ఎప్పుడు అబద్ధం అన్నది. బోర్డు మీద నాలుగు వరుసల పట్టిక గీశాను.

“మొదటి సగం జరిగి, రెండోది జరగకపోతేనే వాక్యం అబద్ధం. మొదటిదే జరగకపోతే మాట తప్పినట్టు కాదు, కాబట్టి నిజం కిందే లెక్క.”

ఎవరికీ ఎక్కలేదు. “మీ ఇంట్లో విన్న వాక్యం ఒకటి చెప్పండి. ఏ భాషైనా సరే” అన్నాను.

కిటికీ పక్కన కూర్చునే అమ్మాయి లేచింది. అనంతపురం వైపు నుంచి వచ్చిన కుటుంబం. తండ్రి సర్జాపుర అపార్ట్‌మెంట్లలో సెంట్రింగ్ పని చేస్తాడు. క్లాసులో ఆమె గొంతు వినడం నాకదే మొదలు.

“మా నాయన అన్నాడు మేడమ్. నువ్వు టెన్త్ ఫెయిలైతే నేను సచ్చిపోతా అని.”

ఎవరో కిసుక్కున నవ్వారు.

“మొదటి సగం జరిగింది మేడమ్. ఫెయిలైనాను.”

నవ్వు ఆగిపోయింది. నా చేతిలోని సుద్దముక్క బోర్డుకు ఆనుకునే ఉండిపోయింది. కూర్చోమందామనుకున్నాను. పాఠం కోసం ఈ పిల్ల చేత ఏం చెప్పిస్తున్నాను నేను?

పక్కనున్న స్నేహితురాలు భయంభయంగా అడిగింది, “మరి మీ నాయన?”

“ఉండాడప్పా! పొద్దున నాకు అన్నం డబ్బా కట్టిచ్చింది ఆయనే. అంటే ఆ మాట అబద్ధమే కదా మేడమ్?”

అవునన్నట్టు తలూపి కుర్చీలో కూలబడ్డాను.

క్లాసయ్యాక వరండాలో ఆపి అడిగాను. రిజల్ట్ రోజు తండ్రి ఫోను ఇంట్లోనే పడేసి వెళ్ళిపోయాడట. తల్లీ కూతురూ సర్జాపురకు పరుగెత్తి, కడుతున్న ప్రతి బిల్డింగు కిందా నిలబడి తలలెత్తి చూశారట. ఎక్కడా లేడు. సాయంత్రం ఆయనే ఇంటికొచ్చాడు.

“స్కూలుకు పోయినాడంట మేడమ్. ‘మళ్ళా పరీక్ష రాయొచ్చంట కదమ్మా, నాకు ఎవురూ చెప్పలేదే’ అన్నాడు. రెండోసారి పాసైనాను.”

“ఇప్పుడేం భయం లేదుగా?”

“నాకు లేదు. మాయమ్మే, నాయన పని నుంచి రాడం లేటైతే గేటుకాడ నిలబడుకుంటాది.”

గంట కొట్టారు. ఆ పిల్ల తర్వాతి క్లాసుకు వెళ్ళిపోయింది. నేను స్టాఫ్ రూముకు పోయి నీళ్ళు తాగాను. పక్క సీటావిడ ఏమైందని అడిగింది. “ఒక వాక్యం అబద్ధమైంది, అంతే” అన్నాను.